పూలు పుచ్చుకోని నటి

నవంబర్ 9, బుధవారం

నేను ప్రొడ్యూసర్ని కాదంట. వ్యాన్ డ్రైవర్నంట.

వ్యాన్ నడిపేది నేనే, నిజమే. యూనిట్‌కి అన్నం పెట్టించేది నేనే, ఫిల్ము డబ్బాలు టోక్యో బస్సుకి ఎక్కించేది నేనే, ఈ ఊరి చేపల సంఘం ప్రెసిడెంటుకి వంగి వంగి దండాలు పెట్టి కొండవాలు మీద ఆ ఇల్లు షూటింగ్‌కి అడిగిందీ నేనే. ఇవన్నీ చేసేవాణ్ణి ఏమనాలి మరి? పెద్ద స్టూడియోలో మెత్తటి కుర్చీలో కూర్చుంటేనే ప్రొడ్యూసరా? నిన్న హిరుకవా డైరెక్టర్ మొహం మీదే అనాల్సింది. నేను నోరు తెరిచేలోపు ఆయన ఇంకోటి అనేశాడు.

"కినుయే గారికి పూలిచ్చావురా?"

ఏం మాట అది? ఆఖరి షాట్ అయ్యాకే కదా పూలు. "ఫలానా వారి పని పూర్తయింది!" అని అరిచి, అందరం చప్పట్లు కొట్టి, గుత్తి చేతిలో పెట్టేది అప్పుడే కదా. మా సినిమాలో తల్లి వేషం ఆవిడది, ఆవిడ ఆఖరి షాట్ అవ్వలేదు. అవ్వని షాట్‌కి పూలెలా ఇస్తాను?

"అదే నేనూ అంటున్నా," అన్నాడాయన సిగరెట్ నలుపుతూ. "పూలు పుచ్చుకోలేదంటే ఇంకా మన యూనిట్లో ఉన్నట్టే. ఆఖరి షాట్ వదిలేసి మూటాముల్లే సర్దుకుని పోదాం అంటున్నావే, ఆవిణ్ణి అడిగావా?"

ఎక్కడ అడగను? మొన్న ఆదివారం టోక్యోలో ఆవిడ దహనం అయిపోయింది. వెళ్లొచ్చింది నేను, ఆయన కాదు. ఆవిడకి పిల్లల్లేరు. బూడిదలోంచి ఎముకలు ఏరేటప్పుడు వాళ్ల చెల్లెలు ఆ పొడుగు పుల్లలు నా చేతికి కూడా ఇచ్చింది.

ఆ ఆఖరి షాట్ తియ్యాల్సిన రోజు వాన పడింది, వెలుతురు పోయింది, ఆవిడకి దగ్గు. అందుకే టోక్యో పంపించా. నాలుగు రోజులు ఇంట్లో పడుకోండి, మళ్లీ పిలుస్తానన్నా. "నువ్వు పిలవకపోయినా వస్తాలే నగుమో బాబూ, షాట్ మిగిలిపోయింది కదా," అంది. వ్యాన్ ఎక్కుతూ పాదాలు ఒకదానికొకటి రుద్దుకుంటూ, "ఆ షాట్ అయ్యాక మాత్రం నాకు కాళ్లకి వేడినీళ్లు పెట్టించు, గడ్డకట్టి చచ్చిపోతున్నా," అంది. నవ్వా. అంతే జరిగింది. ఇందులో నా తప్పేముంది?

నవంబర్ 10

వాన. అన్నం తిన్నా, పడుకున్నా. డైరెక్టర్‌తో మాటల్లేవు.

నవంబర్ 11, శుక్రవారం

రష్ వచ్చింది, మొన్న తీసిన ఫిల్ము టోక్యోలో కడిగించి పంపింది. చేపల సంఘం హాల్లో కిటికీలకి మేము దిగిన సత్రం దుప్పట్లు కట్టి, పొద్దున్నే వేసుకుని చూశాం.

ఇవన్నీ దహనం అయ్యాక తీసినవి, కొడుకు సీన్లు. కొడుకు వేషం వేస్తున్న సెగావా గడపలో కూర్చుని తలుపు బాగుచేస్తుంటాడు, వెనకాల కొండవాలు, కింద సముద్రం. మంచి షాట్. సెగావా కూడా ఈసారి అతి చెయ్యలేదు. కింద ఒడ్డు దగ్గర ఒక చుక్క ఉంది. కదులుతోంది. నీలం పంట్లాం, తలకి తెల్ల గుడ్డ.

"ఎవరో అడ్డమొచ్చారు, చూసుకోలేదు. సారీ నగుమో," అన్నాడు కెమెరా ఇబుకి అన్న.

ఇబుకి అన్న ఫ్రేములో ఈగ వాలినా చూస్తాడు. అందుకే ఆ సారీ నాకు నచ్చలేదు.

ఈ ఊళ్లో సముద్రపు నాచు ఏరే ముసలాళ్లందరూ అవే నీలం పంట్లాలు వేసుకుంటారు. కినుయే గారి డ్రెస్సు కూడా వాళ్లని చూసే కుట్టించాం. ఊరి ముసలావిడే.

నవంబర్ 12

ఊరి ముసలావిడే అని సత్రం అమ్మగారితో అన్నాను. ఆవిడ ముల్లంగి తరుగుతూ నన్ను వింతగా చూసింది.

"ఆ వాలు మీదకి ఎవరెళ్తారబ్బాయ్? పోయిన తుఫానుకి దారి కొట్టుకుపోలా? దారికడ్డంగా తాళ్లు కట్టింది మీరే కదా."

అవును, మేమే కట్టాం. మనిషి జాడ ఉండదనే ఆ చోటు ఎంచుకున్నాం. వాలు మధ్యలో ఉన్న రాతి బొమ్మ దగ్గర్నుంచి ఇంటిదాకా మాత్రం మేమే రాళ్లు పరిచి బాగుచేశాం, కినుయే గారు ఆఖరి షాట్‌లో నడవాలని. మా కథలో తల్లి సముద్రంలో పోయిందని ఊరంతా అనుకుంటారు, కొడుకు మాత్రం రోజూ తలుపు బాగుచేసుకుంటూ కూర్చుంటాడు. చివర్లో ఆవిడ వాలు ఎక్కి వస్తుంది, ఒకే షాట్‌లో, కట్ లేకుండా. "వచ్చేశాన్రా," అంటుంది. కొడుకు తలుపు తీసి "వచ్చేశావా అమ్మా," అంటాడు. సినిమా మొత్తం ఆ తలుపు కోసమే. అది లేకపోతే ఒకడు వడ్రంగం చేసుకోవడం చూపించినట్టు ఉంటుంది.

వసంతంలో టోక్యోలో చిన్న హాలు ఒకటి పొద్దుటాట ఇస్తానంది. ఆ ఓనరు నాకు చిన్నప్పట్నుంచి తెలుసు. బడి మధ్యలో మానేసి మా ఊరి హాల్లో టిక్కెట్లు చింపుతున్నప్పుడు ఆయన రీళ్లు తెచ్చేవాడు. తర్వాత వ్యాన్ నడిపా, ఇంకొకళ్ల సినిమాలకి లైట్లు మోశా, వ్యాన్లోనే పడుకున్నా. ప్రొడ్యూసర్ అని నా పేరు పడేది ఇదే మొదటిసారి. పడితే ఇంకో సినిమా వస్తుంది. పడకపోతే మళ్లీ లైట్లు. ఇంట్లో వాళ్లకి నేను సినిమాల్లో ఏం చేస్తానో ఇప్పటికీ తెలీదు. నాకు తెలుసనుకునేవాణ్ణి.

నవంబర్ 14, సోమవారం

రెండో రష్.

రాతి బొమ్మ దగ్గరికి వచ్చింది.

ఎడమ మడమ ఈడుస్తోంది. ఆ నడక ఊరి వాళ్లది కాదు. సత్రం వరండాలో పొద్దున్నే అందరూ పళ్లు తోముకుంటుంటే ఆవిడ అటూ ఇటూ నడిచి నడిచి పట్టుకున్న నడక అది. "నలభై ఏళ్లుగా మొదటి రీల్లోనే చచ్చిపోయే వేషాలు వేశా నగుమో బాబూ, ఆఖరి రీల్లో నడవడం ఇదే మొదలు. సరిగ్గా నడవాలి కదా," అనేది.

డైరెక్టర్ కళ్లు తుడుచుకున్నాడు. తర్వాత నవ్వాడు. ఆ నవ్వు నాకు నచ్చలేదు.

"షూటింగ్ ఆపకురా. చూశావుగా, వస్తోంది."

సెగావా బయటికెళ్లి కక్కుకున్నాడు. వీపు నిమిరితే చెయ్యి తోసేశాడు. "ఆ షాట్ తీసేటప్పుడు నా వెనకాల ఎవరో దగ్గారు. నువ్వనుకున్నా. నువ్వు ఆ రోజు వ్యాన్ తీసుకుని ఊళ్లోకి వెళ్లావని ఇప్పుడు గుర్తొస్తోంది."

నవంబర్ 15

ఊరి ముసలావిడే. ఇంకేమీ లేదు.

నవంబర్ 16, బుధవారం

సత్రంలో బట్టల గది తీశా. ఆవిడ నీలం పంట్లాం మిగతావాటితో పాటే వేలాడుతోంది. అంచులు తడి. ఇసక. పిండితే ఉప్పునీళ్లు.

పిండి, పొయ్యి దగ్గర ఆరేశా. ఎందుకు ఆరేశానో తెలీదు. రేపు మళ్లీ వేసుకోవాలి కదా అనిపించింది.

కిందకొస్తే భోజనాల దగ్గర ఒక పళ్లెం ఎక్కువ పెట్టి ఉంది.

"ఇదెవరికండీ?"

"మీ పెద్దావిడకి," అంది సత్రం అమ్మగారు, అన్నం గిన్నె మూత పెడుతూ. "పొద్దున మెట్ల దగ్గర గుడ్ మార్నింగ్ చెప్పింది. తిరిగొచ్చినట్టు నాకు చెప్పలేదేం? చేప తీసి పెట్టేదాన్నిగా."

కినుయే గారు పోయారని ఈవిడకి ఎవరూ చెప్పలేదని అప్పుడు గుర్తొచ్చింది. నేనే చెప్పాలి. చెప్పలేదు. సూప్ చల్లారుతుంటే చూస్తూ కూర్చున్నా.

మధ్యాహ్నం నేనే ఊళ్లోకి వెళ్లి పూలు కొన్నా. కొట్లో ఎక్కువగా తెల్ల చామంతులే ఉన్నాయి, అవి చావుకి పెట్టేవి, వద్దన్నా. మిగతావాటిల్లో ఎర్రవీ పచ్చవీ ఏరుకుని గుత్తి కట్టించా. రాతి బొమ్మ దాకా దిగా. ఎవరూ లేరు. "హత్తా కినుయే గారి పని పూర్తయింది!" అని అరిచి, ఒక్కణ్ణే చప్పట్లు కొట్టి, గుత్తి రాయి మీద పెట్టి వెనక్కి చూడకుండా వచ్చేశా.

అయిపోయింది. ఇచ్చేశా. ఇంకెవరూ నన్ను ఏమీ అనక్కర్లేదు.

నవంబర్ 17

సత్రం గుమ్మంలో, నా చెప్పుల పక్కన, ఆ గుత్తే. చక్కగా నిలబెట్టి. తడిసి ఉంది.

పని పూర్తవకుండా పూలు పుచ్చుకునే రకం కాదు ఆవిడ. నాకు తెలుసు కదా ఆ సంగతి.

సెగావా పొద్దుటి బస్సుకి వెళ్లిపోయాడు. ఆపలేదు. వ్యాన్లో బస్సు దాకా దింపింది కూడా నేనే.

నవంబర్ 18, శుక్రవారం

జరిగింది జరిగినట్టు రాస్తా. రేపు చదివితే నేనే నమ్మను.

సెగావా లేడని ఆగలేదు డైరెక్టర్. సాయంత్రం వెలుతురులో కెమెరా గడప దగ్గర పెట్టించి, వాలు వైపు తిప్పించాడు. ఎవరూ లేని దారి. "రోల్," అన్నాడు. కెమెరా గరగరమంది. నేను కళ్లు చించుకుని చూశా. తాళ్లు, రాళ్లు, గడ్డి, సముద్రం. ఏమీ లేదు.

ఇబుకి అన్న కెమెరా గొట్టంలో కన్ను పెట్టి ఉన్నాడు. చెవులు ముందు ఎర్రబడ్డాయి, తర్వాత తెల్లబడ్డాయి.

"వస్తోంది," అన్నాడు. ఇంకాసేపటికి, "రాతి బొమ్మ దాటింది," అన్నాడు. నేను మళ్లీ చూశా. రాతి బొమ్మ దగ్గర గడ్డి మాత్రం ఊగుతోంది. గాలి లేదు.

"రానీ," అన్నాడు డైరెక్టర్.

"ఎవరన్నా ఆపమంటే ఆపుతా," అన్నాడు ఇబుకి అన్న. "ఎవరన్నా చెప్పండయ్యా."

డైరెక్టర్ చెప్పడు. నేను "కట్!" అని అరిచా. ప్రొడ్యూసర్ కట్ చెప్పడం ఎక్కడన్నా ఉందా? నా నోట్లోంచి వచ్చేసింది. కెమెరా ఆగింది. డైరెక్టర్ చెయ్యెత్తాడు నన్ను కొట్టడానికి.

"ఆగండి," అన్నాడు ఇబుకి అన్న, కన్ను తియ్యకుండానే. "ఆవిడ కూడా ఆగింది."

అందరం ఆగిపోయాం.

"కట్ అనగానే ఆగింది. నిలబడి మన వైపు చూస్తోంది. దగ్గుతోంది. ఇప్పుడు... వెనక్కి తిరిగింది. కిందకి దిగుతోంది." "మొదలు పెట్టిన చోటుకే వెళ్లిందిరా. ఒడ్డుకి. ఇంకో టేక్‌కి నిలబడింది."

డైరెక్టర్ ఎత్తిన చెయ్యి అలాగే దించేశాడు.

రోజురోజుకీ దగ్గరికొస్తోంది అనుకున్నాం మేము. కాదు. మొదట్లో చిన్న షాట్లు తీశాం, తర్వాత పెద్దవి. మేము ఎంతసేపు తిప్పితే అంత దూరం వచ్చింది, కట్ అనగానే మళ్లీ మొదటికి వెళ్లింది. నటి కదా. ఇన్ని రోజులూ ప్రతి షాట్‌కీ, ప్రతి టేక్‌కీ, సెగావా డైలాగ్ మర్చిపోయి మళ్లీ చేసిన ప్రతిసారీ, ఆ దగ్గుతో, ఆ మడమ ఈడ్చుకుంటూ, ఆ చన్నీళ్లలోంచి లేచి...

మేమే నడిపించాం. నేను.

నవంబర్ 19, శనివారం

పొద్దున్నుంచీ ముగ్గురం కూర్చుని మాట్లాడుకున్నాం. అరుచుకున్నాం అనాలి.

డైరెక్టర్: రేపు కట్ చెప్పకుండా తిప్పుదాం, తలుపు దాకా రానిద్దాం. షాట్ వస్తుంది, ఆవిడ పనీ అవుతుంది.

ఇబుకి అన్న: ఒడ్డు నుంచి ఇంటిదాకా అంటే ఒక డబ్బా ఫిల్ము చాలదు. మనం రాసుకున్నది రాతి బొమ్మ దగ్గర్నుంచి. ఆవిడ ఒడ్డు దగ్గర్నుంచి వస్తోంది. మధ్యలో ఫిల్ము అయిపోతుంది, కెమెరా ఆగుతుంది.

ఆగితే ఆవిడ ఆగుతుంది. మళ్లీ కిందకి.

"రెండో కెమెరా తెప్పించు, ఒకటి ఆగేలోపు ఇంకోటి తిప్పుదాం," అన్నాడు డైరెక్టర్ నా వైపు తిరిగి. "టోక్యో నుంచి. వారం ఆగుదాం. ఇలాంటి షాట్ ప్రపంచంలో ఎవరి దగ్గరన్నా ఉందా? ఆలోచించు నగుమో. నీ మొదటి సినిమా. నీ పేరు."

ఆలోచించా. అబద్ధమెందుకు, బాగా ఆలోచించా. హాల్లో దీపాలు ఆరిపోవడం, ఆ దారి, ఆ నడక, జనం ఊపిరి బిగబట్టడం, అన్నీ చూశా. తెప్పిద్దాం, ఆవిడ కోసమే కదా, అని కూడా అనుకున్నా. అప్పుడు పొయ్యి దగ్గర ఆరేసిన పంట్లాం కనబడింది. మళ్లీ తడిసిపోయి ఉంది. కింద నేల మీద నీళ్లు కారుతున్నాయి. ఇవాళ మేము షూటింగే పెట్టలేదు. అయినా వచ్చి నిలబడింది. పిలుస్తారేమోనని.

వారం ఆగాలా?

"ఖాళీగా తిప్పుదాం," అన్నా.

ఇబుకి అన్న తలెత్తాడు. ఫిల్ము పొదుపు కోసం రిహార్సల్‌కి డబ్బా ఎక్కించకుండా వట్టి కెమెరా తిప్పుతాం కదా, నటుడికి చప్పుడు వినపడితే చాలని. ఫిల్ము లేకపోతే అయిపోవడం ఉండదు. బ్యాటరీ ఉన్నంతసేపూ తిరుగుతుంది. ఆవిడ పైదాకా రావచ్చు.

"ఫిల్ము లేకుండానా?" డైరెక్టర్ లేచి నిలబడ్డాడు. "మన దగ్గర ఏం మిగులుతుందిరా? చివర లేని సినిమా! నీ హాలు, నీ పొద్దుటాట, అన్నీ పోతాయి తెలుసా నీకు?"

"తెలుసు."

"మళ్లీ వ్యాన్ తోలుకోవాలి."

"తోలుకుంటా. బాగానే తోలతానుగా, మీరే అన్నారు."

అంత కోపంలోనూ ఆయన అడిగింది ఒకటే. "మరి రోల్ ఎవరు చెప్తారు?"

"మీరు. ఆవిడ మీ గొంతుకే కదా కదిలేది."

సిగరెట్ వెలిగించబోయి అగ్గిపుల్లలు రెండు విరగ్గొట్టాడు. "సరే, ప్రొడ్యూసర్ గారూ," అన్నాడు. వెక్కిరించలేదు. నేను ఆ వెక్కిరింత కోసం ఎదురుచూస్తూ ఉండిపోయా.

నవంబర్ 20, ఆదివారం

తలుపు వెనకాల కూర్చుని రాస్తున్నా. కొండవాలు మీది ఇంట్లో నేనొక్కణ్ణే. చేతులకి ఏదో ఒక పని కావాలి, అందుకే రాస్తున్నా.

కొడుకు లేడు కాబట్టి తలుపు నేనే తియ్యాలి. సెగావా చొక్కా నాకు భుజాల దగ్గర బిగుతు. ఒక్కటే డైలాగ్. పొద్దున్నుంచీ అనుకుంటున్నా, అయినా గొంతులో మనిషిది కాని చప్పుడేదో వస్తోంది. నటించడం నాకు రాదు. కుర్రాడప్పుడు ఒకసారి జనంలో నిలబడమంటే కెమెరా వైపు చూశానని తరిమేశారు.

సత్రం అమ్మగారికి పొద్దున చెప్పేశా. ఆవిడ కత్తి కింద పెట్టి కాసేపు చేతులు జోడించింది. తర్వాత, "అయితే మొన్న గుడ్ మార్నింగ్ చెప్పినప్పుడు నేను సరిగ్గా పలకలేదే," అని బాధపడింది. పెరట్లో ఉన్న ఎర్రపూలన్నీ కోసిచ్చింది. వేడినీళ్ల కెటిల్ కూడా. ఆవిడ కాళ్లకని గిన్నెలో పోసి తలుపు పక్కనే పెట్టా. చల్లారకుండా తువ్వాలు కప్పా.

బయట డైరెక్టర్ "రోల్" అన్నాడు. మామూలుగా అరుస్తాడు. ఇవాళ పెద్దవాళ్లని నిద్రలేపినట్టు అన్నాడు. కెమెరా గరగర మొదలైంది. వట్టి కెమెరా చప్పుడు కాస్త పల్చగా ఉంటుంది. ఆవిడ ఇన్నేళ్లు కెమెరా ముందు గడిపిన మనిషి. ఆ తేడా పట్టేస్తుందా? పట్టేస్తే వస్తుందా?

ఇబుకి అన్న గొంతు, మెల్లగా: "లేచింది."

ఆవిడ నా మొహం చూస్తే ఏమనుకుంటుంది? తలుపు తీశాక నాకు ఏం కనిపిస్తుంది? ఇబుకి అన్నని అడిగా, మొహం ఎలా ఉంది అని. "నువ్వు తలుపు తియ్యి, అంతే. పైకి చూడకు," అన్నాడు. అడగకుండా ఉండాల్సింది.

"రాతి బొమ్మ."

చాలాసేపైంది. కెమెరా ఆగలేదు. ఆ చప్పుడు ఆగకూడదు. బ్యాటరీలు నేనే చార్జింగ్ పెట్టా, నిండాయి, చూశా, మళ్లీ చూశా.

"మనం పరిచిన రాళ్లెక్కింది."

ఇప్పుడు నాకూ వినపడుతోంది. రాళ్ల మీద ఒక అడుగు, తర్వాత ఈడ్చిన చప్పుడు. ఒక అడుగు, ఈడ్చిన చప్పుడు. ఇబుకి అన్న ఇంకేమీ చెప్పట్లేదు. డైరెక్టర్ అలికిడీ లేదు. తలుపు కింద సందులోంచి నీళ్లు లోపలికి వస్తున్నాయి, ఉప్పు వాసన, నా కాళ్ల దాకా వచ్చాయి, చల్లగా.

ఆగింది. తలుపు అవతలే.

దగ్గు.

"వచ్చేశాన్రా."

వెళ్లాలి